మ్యూజియం దగ్గర గంటా పది నిమిషాలు

పాలకొల్లు,
17-11-1998.

వైనతేయ టూర్స్ మేనేజరు గారికి,

ఆర్యా,

నేను ముప్ఫై ఒక్క ఏళ్ళు లెక్కల మాస్టారుగా పనిచేసి రిటైరైనవాణ్ణి. ఫిర్యాదులు రాసే అలవాటు నాకు లేదు. ఇది మొదటిది.

మొన్న శనివారం, పద్నాలుగో తేదీన, మీరు నడిపే ‘ఒక్కరోజులో రాజమండ్రి’ యాత్రకు నేనూ నా భార్య సీతారామలక్ష్మీ వచ్చాం. పాలకొల్లులో తెల్లవారుజాము బస్సు పట్టుకుంటేగాని ఏడింటికి మీ ఆఫీసు ముందు ఉండలేం. ఉన్నాం. మీ వ్యాను ఏడూ నలభైకి వచ్చింది. దాని గురించి నేనేమీ అనడం లేదు. చవక యాత్ర కదా, సీట్లు ఇరుకుగానే ఉంటాయి. దాని గురించీ అనడం లేదు.

గైడుగా వచ్చిన అమ్మాయి పేరు లోవకుమారి అని తెలిసింది. గొంతు మంచిదే. కాని కోటిలింగాల రేవు దగ్గరా, మార్కండేయస్వామి గుడి దగ్గరా ఆవిడ చెప్పింది విన్నాక, నిద్రకళ్ళతో ఎక్కాలు అప్పజెప్పే పిల్లలు గుర్తొచ్చారు నాకు. వెయ్యేళ్ళ ఊరిని నలభై మాటల్లో ముగించింది.

నా అసలు ఫిర్యాదు ఇది. పదకొండుంపావుకు మమ్మల్ని మ్యూజియం దగ్గర దింపి, అరగంటలో చూసి వచ్చేయమని చెప్పి, గైడూ డ్రైవరూ వ్యానుతో సహా వెళ్ళిపోయారు. తిరిగొచ్చింది పన్నెండూ ఇరవై ఐదుకు. గంటా పది నిమిషాలు. మోకాళ్ళ నొప్పులని నా భార్య వ్యానులోనే ఉండిపోయింది. తక్కిన ఇరవై ఒక్కమందిమీ మ్యూజియం ఇరవై నిమిషాల్లో చూసేసి, గేటు బయట ఎండలో నిలబడ్డాం. అందువల్ల భోజనాలు ఆలస్యం, చిత్రశాలలో పరుగులు, ధవళేశ్వరం ఆనకట్టనైతే కిటికీలోంచి చూపించి పోనిచ్చారు. ఆ ఆనకట్ట చూడ్డానికే నేను బయల్దేరాను. కడియం నర్సరీలకు చేరేసరికి ఏ మొక్కేదో తెలియని చీకటి పడింది.

ఆ గంటా పది నిమిషాలూ వ్యాను ఎక్కడికి వెళ్ళింది? నాకు సంజాయిషీ కావాలి.

భవదీయుడు,
వి. భాస్కరం

✦

రాజమండ్రి,
24-11-1998.

గౌరవనీయులైన భాస్కరం మాస్టారు గారికి,

నమస్కారములు. మీ ఉత్తరం మా ఓనరు వెంకన్నగారు చదివి, జవాబు నన్నే రాయమన్నారు. ఆ రోజు గైడుగా వచ్చిన లోవకుమారిని నేనే.

మీకు కలిగిన ఇబ్బందికి క్షమించండి. వ్యాను టైరు గాలి దిగిపోతే పంక్చరు వేయించడానికి వెళ్ళాం. షాపులో ఆలస్యమైంది. ముందే చెప్పి వెళ్ళవలసింది. తప్పు నాది.

నేను చెప్పే తీరు గురించి మీరు రాసింది కూడా నిజమే మాస్టారూ. ఈ పనిలో చేరి నాలుగేళ్ళయింది. వారానికి ఐదు రోజులు అదే రేవు, అదే గుడి, అవే మాటలు. మొదటి ఏడాది ఎవరైనా ఒక ప్రశ్న అడిగితే ఇంటికెళ్ళి పుస్తకాలు తిరగేసేదాన్ని. ఇప్పుడు ఎవరూ అడక్కపోతే బాగుండునని ఉంటుంది.

మీరు మళ్ళీ ఎప్పుడొచ్చినా, టిక్కెట్టు లేకుండా ఆనకట్ట చూపించమని వెంకన్నగారు చెప్పారు.

అమ్మగారు కులాసాగా ఉన్నారా? మీరు జవాబు రాస్తే ఆ ఒక్క ముక్క రాయండి.

ఇట్లు,
కె. లోవకుమారి

✦

పాలకొల్లు,
2-12-1998.

చి. లోవకుమారికి,

మీ ఉత్తరం అందింది. ఒక లెక్కకు రెండు జవాబులొస్తే ఒకటైనా తప్పయి ఉండాలి. ఆ సాయంత్రం కడియంలో టీ తాగుతూ మీ డ్రైవరు చిట్టియ్యను నేను అడిగాను. ‘డీజిల్ కొట్టించడానికి వెళ్ళామండి’ అన్నాడు. మీరు టైరు అంటున్నారు.

వ్యానులోనే ఉంది కదా అని నా భార్యను అడిగాను. ‘కునుకు పట్టేసిందండీ, నాకేం తెలుసు’ అంది. పగటిపూట కునుకు తీయడం ముప్ఫై నాలుగేళ్ళలో నేనెన్నడూ చూడలేదు.

ఇంకొక సంగతి. ఆ వ్యానులో ఇరవై రెండు మందిమి ఉన్నాం. మీరు ప్రత్యేకంగా నా భార్య క్షేమం ఎందుకు అడిగారు?

ఆవిడ కులాసాగానే ఉంది. మా అమ్మాయి శ్రీదుర్గ పురుటికి వస్తోంది, నెలలు నిండేది జనవరి ఆఖరుకి. పాత చీరలన్నీ ఉతికి పక్కబట్టలు కుడుతోంది. ఈ యాత్ర కూడా ఆవిడ ముచ్చటే. ఎన్నడూ ఎక్కడికీ వెళ్దామనని మనిషి, మీ ప్రకటన పేపర్లోంచి కత్తిరించి తెచ్చి నా ముందు పెట్టింది. అందుకే అది సవ్యంగా జరగలేదని నాకు మరింత కష్టంగా ఉంది.

నిజం రాయండి. రాయకపోతే మీ ఓనరుకు రెండో ఉత్తరం రాస్తాను.

భాస్కరం

✦

రాజమండ్రి, ఇన్నీసుపేట,
20-12-1998.

మాస్టారు గారికి,

నమస్కారములు. ఇది ఆఫీసు కాగితం కాదని మీరు గమనించే ఉంటారు. మీ రెండో ఉత్తరం వెంకన్నగారికి అందింది. ఆయన చిట్టియ్యనీ నన్నూ నిలబెట్టి అడిగారు. టైరు అని నేనన్నాను, డీజిల్ అని వాడన్నాడు. ‘ఇద్దరూ కలిసి ముందే ఒకటి అనుకుని రావలసింది’ అని నవ్వి, ‘రేపట్నుంచి రాకమ్మా’ అన్నారు. చిట్టియ్యని ఉంచారు. డ్రైవర్లు దొరకడం కష్టం. గైడుదేముంది, చెప్పిందే చెప్పాలి కదా.

మిమ్మల్ని నిందించడానికి రాయడం లేదు. మీరు అడిగింది న్యాయమైన ప్రశ్నే. మా వదిన మాత్రం రోజూ ఒకసారి, ‘ఇంతకీ వ్యాను ఎక్కడికి తీసుకెళ్ళావే?’ అని అడుగుతోంది. ఆవిడకీ చెప్పలేదు. ప్రైవేటుగా కట్టి ఎమ్మే హిస్టరీ పాసయ్యాను మాస్టారూ. ఇక్కడ ఒక ట్యుటోరియల్ వాళ్ళు వచ్చే నెల చూద్దామన్నారు. ఉదయం లేచాక వెళ్ళడానికి చోటు లేకపోవడం అలవాటు కావడం లేదు. కాళ్ళు వాటంతటవే రేవు వైపు వెళ్తున్నాయి.

నిజం రాయమన్నారు. ఆ నిజం నాది కాదు. నాది కానిదాన్ని ఎలా ఇవ్వగలను?

ఒక్కటి అడుగుతాను. అమ్మగారిని మళ్ళీ అడగండి. వ్యాను గురించి కాదు. కోపంగా కూడా కాదు. పక్కన కూర్చుని, ‘ఒంట్లో ఎలా ఉంది’ అని అడగండి. ఇంతకన్నా నేను రాయలేను.

ఇట్లు,
లోవకుమారి

✦

పాలకొల్లు,
2-1-1999.

అమ్మా లోవకుమారీ,

నీ ఉద్యోగం పోతుందని నేననుకోలేదు. ‘ఇకమీదట జాగ్రత్త’ అంటారనుకున్నాను. వెంకన్నగారికి ఈ రోజే ఇంకో ఉత్తరం రాశాను, నా ఫిర్యాదు వెనక్కి తీసుకుంటున్నానని. ఆయన దాన్ని లెక్కచేస్తాడో లేదో తెలియదు.

నువ్వు చెప్పినట్టు అడగలేదు. సందు దొరకలేదు. శ్రీదుర్గ వచ్చింది. ఇంటినిండా మనుషులు. సీతారామలక్ష్మి నాలుగింటికే లేస్తోంది. పిల్లకు ఏది తినాలనిపిస్తే అది వండుతోంది. కొంచెం చిక్కింది. చలికాలంలో ఆవిడ కొంచెం చిక్కుతుంది. ఎడమ చేత్తో బిందె ఎత్తడం మానేసింది. ఏమిటంటే, బెణికింది అంది. నూనె రాసుకోమన్నాను.

పండ్లు, కూరలు నేనే తెస్తున్నాను. రామలింగేశ్వరస్వామి గుడి దాకా వెళ్ళి బయటే కాసేపు కూర్చుని వస్తున్నాను. ఇంట్లో నాకు పనేమీ ఉండదు.

నువ్వు ఇంకేమైనా రాయదలుచుకుంటే నా పేరున రాయి. పోస్ట్‌మాన్ పదకొండింటికి వస్తాడు. నేను గుమ్మంలోనే ఉంటాను.

భాస్కరం

✦

రాజమండ్రి,
8-1-1999.

మాస్టారు గారికి,

మీ ఉత్తరం మూడుసార్లు చదివాను. బిందె దగ్గర ఆగిపోయాను. ఇంక దాచడం నావల్ల కాదు. అమ్మగారికి తల ఊపాను గాని ఒట్టు వేయలేదు. ఆ తేడా దేవుడు చూసుకుంటాడు.

ఆ రోజు మీరంతా మ్యూజియంలోకి వెళ్ళాక అమ్మగారు వ్యాను దిగి నా దగ్గరికొచ్చారు. మోకాళ్ళ నొప్పులున్న మనిషిలా నడవలేదు.

“అమ్మాయ్, నీకు ఇంగ్లీషు చదవడం వచ్చా?” అన్నారు.

“వచ్చండి.”

“ఇక్కడికి దగ్గర్లో ఒక నర్సింగ్ హోము ఉంది. నెలక్రితం మా అక్కగారింట గృహప్రవేశానికి వచ్చినప్పుడు ఒక పరీక్ష చేయించుకున్నాను. ముక్క తీసి పంపారు. పదిరోజుల్లో రమ్మన్నారు. రావడానికి వీలు చిక్కలేదు. నాతో రా. ఆ కాగితంలో ఏముందో ఉన్నదున్నట్టు చెప్పే మనిషి కావాలి. మావాళ్ళైతే దాచేస్తారు.”

అప్పుడర్థమైంది, ఆవిడ రాజమండ్రి చూడ్డానికి రాలేదని. చిట్టియ్యని బతిమాలాను. అరగంటలో వచ్చేద్దామనుకున్నాం. డాక్టరమ్మగారి దగ్గర ముందు తొమ్మిదిమంది ఉన్నారు.

లోపలికెళ్ళాక డాక్టరమ్మగారు, “మీ అమ్మా?” అని అడిగారు నన్ను. నేను కాదనలేదు.

రొమ్ములో గడ్డ, మాస్టారూ. ఎడమవైపు. క్యాన్సరు. ఆ మాట కాగితంలో ఉంది. అమ్మగారు నా మోచెయ్యి పట్టుకుని, “చదువు, చదువు” అంటుంటే నేనే చదివి చెప్పాను. ఇప్పటికి చిన్నదే, ఆపరేషన్ చేస్తే నయమవుతుంది, నెల దాటనివ్వొద్దు అన్నారు డాక్టరుగారు.

“మా అమ్మాయి పురుడు జనవరి ఆఖరుకండి. అప్పటిదాకా ఆగితే ఏమవుతుంది?” అన్నారు అమ్మగారు.

“ఆగకండమ్మా. మీ ఆయన వచ్చారా? పిలవండి.”

“ఊళ్ళో ఉన్నారు. చెప్తాను,” అన్నారు. మీరు అప్పుడు రెండు వీధుల అవతల ఎండలో నిలబడి ఉన్నారు.

వ్యాను ఎక్కాక అమ్మగారు ఆ కవరు సంచిలో పెట్టుకున్నారు. తర్వాత అన్నారు: “ఇప్పుడు చెప్తే మాస్టారు నన్ను రేపే మంచాన పడుకోబెడతారు. కడుపుతో ఉన్న పిల్ల అది చూస్తుంది. దానికి రెండుసార్లు పోయింది. ఇది నిలబడింది. పురుడు పోసి, పదకొండో రోజు స్నానం చేయించి, అప్పుడు నేనే చెప్తాను. నువ్వు చెప్పకు.”

“అలా కాదండి...”

“చెప్పకమ్మా. పద, వాళ్ళు ఎండలో మాడిపోతుంటారు పాపం.”

సీసాలో నీళ్ళతో ముఖం కడుక్కుని, బొట్టు సరిచేసుకుని, “ఎలా ఉంది ముఖం?” అని అడిగారు. బాగుందండి అన్నాను. మీరు వ్యాను ఎక్కుతూ నా మీద కేకలేశారు. అమ్మగారు పక్కకి జరిగి మీకు కిటికీ పక్క చోటిచ్చారు.

ఆ తర్వాత చిత్రశాలలో, కడియంలో నేనేం చెప్పానో నాకు గుర్తులేదు.

నెల ఎప్పుడో దాటింది. ఆవిడకి నా మీద కోపం వస్తే రానివ్వండి. రేపే తీసుకురండి.

లోవకుమారి

✦

పాలకొల్లు,
22-2-1999.

అమ్మా లోవకుమారీ,

ఇన్నాళ్ళూ రాయలేకపోయాను. రాయవలసింది చాలా ఉంది. ముందు నా తప్పు రాస్తాను, లేకపోతే తక్కినది రాయలేను.

నీ ఉత్తరంలో ఉన్నది నాకు ముందే తెలుసు. అంతా కాదు, తెలియవలసినంత తెలుసు. ఆ శనివారం రాత్రి తిరుగు బస్సులో, మార్టేరు దగ్గర కుదుపుకు ఆవిడ ఒళ్ళోంచి సంచి జారింది. ఒక పెద్ద కవరు బయటపడింది. నర్సింగ్ హోము పేరు, కింద సీతారామలక్ష్మి అని ఇంగ్లీషులో. ఆవిడ కళ్ళు మూసుకుని ఉంది. నేను ఆ కవరు తీసి మళ్ళీ సంచిలో పెట్టి, సంచి ఆవిడ ఒళ్ళో పెట్టాను. అడగలేదు.

అడిగితే చెప్పేసేది. అదే నా భయం. మూడు రోజులు ఆగి, కాగితం కలం తీసుకుని, మీ మేనేజరుకు ఫిర్యాదు రాశాను. నా ఇంట్లో అడగవలసిన ప్రశ్న మీ ఆఫీసును అడిగాను. నీ మీద కోపం తెచ్చుకోవడం తేలికైంది నాకు. నువ్వు టైరు అని రాస్తే, టైరే అయితే బాగుండునని ఒక పూట నమ్మాను కూడా.

జనవరి పదకొండున నీ ఉత్తరం వచ్చింది. గుమ్మంలోనే చదివి లోపలికెళ్ళాను. పుట్టబోయే బిడ్డకు సున్నిపిండి జల్లిస్తోంది.

“సీతా, కాగితం ఎక్కడ పెట్టావు?”

“ఏ కాగితం అండీ?”

“మార్టేరులో కింద పడిందే, అది.”

జల్లెడ ఆగింది. “అప్పుడే చూశారా?”

“చూశాను.”

“మరి అడగలేదేం?”

“నువ్వు చెప్పలేదేం?”

ఆవిడ మళ్ళీ జల్లెడ అందుకుని, “ముందు ఈ పిండి జల్లించనివ్వండి. సగంలో ఆపితే మళ్ళీ మొదట్నుంచి చెయ్యాలి,” అంది. నేను పక్కన పీట వేసుకుని కూర్చున్నాను. అయిపోయేదాకా.

సంగతి తెలిసి మా వియ్యపురాలు సంపూర్ణమ్మగారు ఆ మర్నాడే వచ్చారు. మగపిల్లవాడి తల్లయి ఉండి, మా వంటింట్లో దిగి, ‘మీరిద్దరూ వెళ్ళండి, పిల్లని నాకు వదిలేయండి’ అన్నారు. ఇరవయ్యో తేదీన ఆపరేషన్ అయింది. ఇరవై ఏడున శ్రీదుర్గకు ఆడపిల్ల. తల్లీ బిడ్డా క్షేమం. సీతారామలక్ష్మి ఆస్పత్రి మంచం మీద ఆ కబురు విని, ‘బరువెంత ఉందిట?’ అని మాత్రం అడిగి అటు తిరిగి పడుకుంది.

డాక్టరమ్మగారు నన్ను గదిలోకి పిలిచి చెప్పారు. చంకలోకి పాకిందట. నవంబరులో వచ్చి ఉంటే బహుశా ఇది ఉండేది కాదు అన్నారు. ఇక మూడు వారాలకోసారి మందు ఎక్కించాలి. ఆపైన చెప్పలేం అన్నారు. డెబ్భై నిమిషాలకు నిన్ను నిలదీశానమ్మా నేను. నేను పోగొట్టింది యాభై ఎనిమిది రోజులు. ఈ లెక్క రోజూ చేస్తున్నాను. ఎన్నిసార్లు చేసినా జవాబు మారడం లేదు.

కొత్త కాగితం ఆవిడకు నేనే చదివి వినిపించాను. చంక గురించి ఉన్న ఒక్క వాక్యం వదిలేశాను. నువ్వు ఎప్పుడైనా కలిస్తే నువ్వూ వదిలెయ్యి.

వెంకన్నగారి దగ్గరికి నేనే వెళ్ళాను. అందరి ముందూ జరిగింది చెప్పాను. ఆయన ‘ఆ మాట ఆ పిల్ల నాతో ఒక్కసారి అనుంటే సరిపోయేది కదండీ’ అన్నాడు. ఒకటో తేదీనుంచి రమ్మన్నాడు. వెళ్తావో మానతావో నీ ఇష్టం. ట్యుటోరియల్‌లో కుదిరి ఉంటే అక్కడే ఉండు. నీ గొంతు పాఠానికి బాగుంటుంది.

క్షమించమని అడగడానికి నాకు మొహం లేదు.

భాస్కరం

✦

పాలకొల్లు,
1-3-1999.

చిరంజీవి లోవకుమారికి సీతారామలక్ష్మి దీవించి రాయునది,

మాస్టారు బజారుకు వెళ్ళారు. ఆయన వచ్చేలోగా రాస్తున్నాను. ఎదురింటి లాజరు స్కూలుకు పోతూ పెట్టెలో వేస్తానన్నాడు. ఎడమ చెయ్యి ఇంకా లేవడం లేదు గాని, రాయడానికి అది అక్కర్లేదుగా.

నీ మీద నాకు కోపం వచ్చింది. ఆస్పత్రిలో నాలుగు రోజులు నీ పేరెత్తితే మాట్లాడలేదు. నా మనవరాలు పుట్టినప్పుడు నేను పక్కన లేను. ఆ ఒక్కటీ నాకు కావాలనుకున్నాను, అది పోయింది. తర్వాత దాన్ని ఒళ్ళో పెట్టారు. నా మీద నిద్రపోయింది. ఎన్నాళ్ళు పెట్టుకుంటానో గాని నీవల్లే పెట్టుకుంటున్నానని అప్పుడనిపించింది. ఇంక కోపం లేదు. ఓపిక లేదనుకో.

ఆయన నీకేం రాశారో నాకు తెలియదు. నాకు కాగితం చదివి వినిపించారు. ఇంగ్లీషు చదివి తెలుగులో చెప్తూ, ఒకచోట ఆగి, కళ్ళజోడు తుడుచుకుని, మళ్ళీ మొదలెట్టారు. ఒక వాక్యం దాటేశారు. ముప్ఫై నాలుగేళ్ళు పక్కన ఉన్నదాన్ని, ఆయన ఊపిరి ఎక్కడ పట్టారో తెలియదా నాకు? ఆ వాక్యం ఏమిటో కూడా తెలుసు. చంకలో కుట్లు నా ఒంటిమీదే కదా ఉన్నాయి. అందుకే అడగలేదు. ఆయన దాచుకోవడానికి ఒకటైనా ఉండనీ. నువ్వూ ఆయనతో అనకు.

అయితే ఒక పని ఉంది. ఎనిమిదో తేదీ సోమవారం మందు ఎక్కించుకోవడానికి రాజమండ్రి వస్తున్నాం. పొద్దున తొమ్మిదింటికి లోపలికి తీసుకెళ్తే మూడింటిదాకా పంపరు. పోయినసారి ఆయన అన్నం తినలేదు, కాఫీ తాగలేదు. నర్సు బయటికి వచ్చినప్పుడల్లా లేచి నిలబడ్డారట. నీకు ఆ రోజు పని లేకపోతే ఒకసారి రా. నా కోసం కాదు. ఆయనతో ఏదైనా మాట్లాడు. ఊరి సంగతులు చెప్పు. నువ్వు చెప్పేది బాగోలేదని ఆయన తప్పులు పడితే పట్టనీ. ఎక్కడైనా కూర్చోబెట్టి రెండు ఇడ్లీలు తినిపించు.

నాకు ఇబ్బందేమీ లేదు. లోపల మంచం ఉంది, ఫ్యాను ఉంది, అటూ ఇటూ నాలాంటివాళ్ళు ఆరుగురున్నారు. బయట బల్ల మీద ఆయన ఒక్కరే ఉంటారు.

ఆశీస్సులతో,
సీతారామలక్ష్మి